బాలంటైన్ రచనల్లో శిష్యరికం, శ్రమ: ఒక పరిశీలన

1. ప్రవేశిక:

స్కాట్లండ్ రచయిత ఆర్. ఎం. బాలంటైన్ (1825–1894) పదహారేళ్ల వయసులో, 1841లో, హడ్సన్స్ బే కంపెనీలో అప్రెంటిస్ గుమాస్తాగా చేరి కెనడా వెళ్లాడు. 1847లో స్వదేశం చేరాడు. ఆ కొలువు అనుభవమే ‘హడ్సన్స్ బే’ (1848) అనే స్వానుభవ కథనానికీ, ‘ది యంగ్ ఫర్ ట్రేడర్స్’ (1856) అనే బాలల నవలకూ ఆధారం. అయితే పని నేర్చుకోవడమంటే ఏమిటన్న విషయంలో ఈ రెండు రచనలూ ఒకే మాట చెప్పవు.

2. రాతబల్ల, అడవి:

నవలలో చార్లీ కెనడీ తండ్రి బొచ్చుతోళ్ల వ్యాపారంలోనే జీవితం గడిపినవాడు. కొడుకును గుమాస్తాగా కూర్చోబెట్టాలన్నది అతని సంకల్పం. చార్లీకి రాతబల్ల చెరసాలగానూ, పడవల బృందంతో చేసే ప్రయాణం విముక్తిగానూ తోస్తాయి. అడవిలో అతనికి వేటగాడు జాక్ కారడాక్ గురుతుల్యుడవుతాడు. రచయిత స్వయంగా చేసింది మాత్రం గుమాస్తా పనే. సెయింట్ లారెన్స్ ఉత్తర తీరంలోని ఒంటరి కేంద్రంలో పొద్దుపోక తల్లికి రాసిన సుదీర్ఘ లేఖలతోనే అతని రచనాభ్యాసం మొదలైంది. కనుక నవలలోని సాహసాన్ని రాతబల్ల దగ్గర తీరని కోరికకు కల్పనారూపంగా భావించవచ్చు.

3. కొయ్యముక్కల లెక్క:

‘హడ్సన్స్ బే’లో వ్యాపార విధానాన్ని వివరించే ఘట్టం ఇందుకు భిన్నమైనది. ఆదివాసీ వేటగాడు తోళ్ల మూట తెస్తాడు. గుమాస్తా వాటికి బీవరు తోలు ప్రమాణంగా విలువ కట్టి, అందుకు సరిపడా కొయ్యముక్కలు చేతికిస్తాడు. ఒక్కొక్క వస్తువు తీసుకుంటున్నకొద్దీ ఆ ముక్కలు తిరిగి కంపెనీకే చేరతాయి. నెలల తరబడి సాగిన శ్రమ కొన్ని నిమిషాల్లో లెక్కగా మారిపోయే తీరు ఇక్కడ స్పష్టమవుతుంది. విలువ కట్టడమే గుమాస్తా నేర్చుకునే విద్య. ఉచ్చు పన్నడం, తోలు ఒలవడం, దాన్ని శుభ్రపరచడం కూడా ఏళ్ల అభ్యాసంతో అబ్బే విద్యలే అయినా, వాటికి శిష్యరికమన్న గౌరవం దక్కలేదు. తోళ్లను పదును చేయడం, మంచుపాదుకలకు వల అల్లడం వంటి పనుల్లో ఆదివాసీ స్త్రీల పాత్ర ఎంత కీలకమో 1980లో వెలువడిన సిల్వియా వాన్ కిర్క్ అధ్యయనం నిరూపించింది. బాలంటైన్ కథనంలో ఆ శ్రమ నేపథ్యంగానే మిగిలింది.

4. ముగింపు:

నవల పాఠకునికి అడవిని ఇచ్చి లెక్కల పుస్తకాన్ని మరపిస్తుంది. అనుభవ కథనం ఆ లెక్కను దాచదు, కానీ ప్రశ్నించదు కూడా. రెండింటినీ కలిపి చదివినప్పుడే ఎవరి పని విద్యగా గుర్తింపు పొందింది, ఎవరి విద్య కేవలం సరుకుగా మిగిలింది అన్నది తేటతెల్లమవుతుంది. బాలంటైన్‌ను కేవలం సాహస కథకునిగా కాక, శ్రమ సాహిత్య దృష్టితో పునఃపరిశీలించవలసిన అవసరం ఇక్కడే ఉంది.