మొవ్వాకు సిలువ

మట్టల ఆదివారానికి ముందురోజు సాయంత్రం మా వరండాలో తడి గోనెసంచి ఒకటి చుట్ట చుట్టి ఉండేది. విప్పితే లోపల తాటి మొవ్వు. ఇంకా విచ్చుకోని లేత ఆకు, వెన్నలో చిటికెడు పసుపు కలిపినట్టుండే రంగు, పట్టుకుంటే చల్లగా మెత్తగా ఉండేది. కల్లుగీసే మావయ్య పొద్దున్నే చెట్టెక్కి కోసిచ్చిన ఆకు అది. పిల్లలమంతా చుట్టూ మూగేవాళ్ళం. కళ్ళాల్లో మిరపకాయలు ఎండే రోజులు, అందరి చేతులకీ కారమే. "చేతులు కడుక్కుని రండర్రా! ఆ కారం చేత్తో ఆకు ముట్టుకుంటే రేపు గుళ్ళో అందరికీ కళ్ళు మండుతాయి" అని నాయనమ్మ కేకేసేది. మేం బావి దగ్గరికి పరిగెత్తేవాళ్ళం. పండగ మాకు అక్కడ మొదలయ్యేది.

మాది క్రోసూరు. సత్తెనపల్లికి ఉత్తరాన, పత్తీ మిరపా పండే నల్లరేగడి ఊరు. అప్పుడు గుంటూరు జిల్లా, 2022 ఏప్రిల్ 4 నుంచి పల్నాడు జిల్లా. ఈ నేలలో లూథరన్ గుళ్ళూ కథోలికుల ఆర్‌సీఎం గుళ్ళూ పక్కపక్కనే పెరిగాయి. పెన్సిల్వేనియా లూథరన్ సంఘం పంపగా 1842 జూలై 31న గుంటూరు చేరిన హయ్యర్ దొర 1849లో గురజాలకు మకాం మార్చి పల్నాడు పల్లెలన్నీ తిరిగాడు. కథోలికులకు ఫిరంగిపురం, రెంటచింతల పాత కేంద్రాలు. గుళ్ళ పద్ధతులు వేరైనా ఈస్టరుకు ముందటి మట్టల ఆదివారంనాడు అందరి చేతుల్లోనూ ఉండేది ఒకటే ఆకు.

ఈస్టర్ చేతిపనులు అనగానే ఇప్పుడు ఫోన్లో కనిపించేవి రంగురంగుల గుడ్లు, గడ్డిబుట్టలో కుందేలు. అవి చల్లటి దేశాల్లో వసంతంతో పుట్టినవి, అక్కడ వాటికి అర్థముంది. మనకు కుందేలు తెలిసింది సామెతలో, తాటాకు చప్పుళ్ళకు బెదరని కుందేలుగానే. పండక్కి మన ఇళ్ళకు ఆ కుందేలు రాలేదు, తాటాకు వచ్చింది. మన పొలం గట్టు మీది నుంచే వచ్చింది. ఆ ఆకుతో పిల్లలు చేసే పనిలో ఎంత విద్య ఉందో దగ్గరగా చూస్తేగానీ తెలియదు.

ముందు ఆకు సంగతి. ముదురు ఆకు సిలువకు పనికిరాదు, మడిస్తే చిట్లుతుంది. మొవ్వులోని ఆకైతే ఎండ తగలక తెల్లగా, మెత్తగా ఉంటుంది, ఎటు వంచితే అటు వంగుతుంది. స్పెయిన్‌లో ఎల్చే అనే ఊరుంది. అక్కడి ఖర్జూర వనాన్ని యునెస్కో 2000లో ప్రపంచ వారసత్వ స్థలంగా గుర్తించింది. మట్టల ఆదివారం కోసం అక్కడి రైతులు చెట్టు తలమీది లేత ఆకుల్ని ముందే కట్టగట్టి, ఎండ తగలకుండా కప్పి పెంచుతారు. ఆకు తెల్లగా వస్తుంది, దాంతో జడల్లా అల్లిన మట్టలు చేస్తారు. వాళ్ళు అంత కష్టపడి తెప్పించుకునే తెలుపును తాటిచెట్టు మనకు మొవ్వులో దాచి ఇస్తోంది. ఒక చెట్టుకు ఒక్క ఆకు మించి కోయకూడదని మావయ్య మాట. మొవ్వు మొదలు దెబ్బతింటే చెట్టే పోతుంది. తాటికి పక్క కొమ్మలు ఉండవు కదా.

కోసిన ఆకును తడిగుడ్డలోనో గోనెలోనో చుట్టి నీడన ఉంచాలి. ఆరుబయట పెడితే పూటలో ముడుచుకుపోతుంది. మడతలు విప్పి ఒక్కో కమ్మనూ విడదీసి, మధ్య ఈనెను గోటితో పట్టి లాగితే రెండు పట్టీలు వస్తాయి. ఈనెలు పారేయకూడదు, అవి చీపురుకు. మట్ట అంచుల్లో రంపం పళ్ళుంటాయి కాబట్టి మట్ట చెక్కే పని పెద్దవాళ్ళదే. పిల్లలకు పట్టీలు మాత్రమే ఇస్తారు.

సిలువకు రెండడుగుల పొడవు, బొటనవేలి గోరంత వెడల్పు ఉన్న పట్టీ చాలు. మొదలు వైపు జానెడు కిందికి వదిలి, అక్కడ ముందుకు మడిచి కొసను కిందికి దించాలి. అది నిలువు కొయ్య. పై మడతకు నాలుగు వేళ్ళ కింద కొసను కుడివైపుకు తిప్పి, మూల పదునుగా వచ్చేలా గోటితో నొక్కాలి. మూడు వేళ్ళ పొడవు పోయాక వెనక్కి మడిచి, నిలువు కొయ్య వెనకగా ఎడమవైపుకు తీసుకెళ్ళాలి. అక్కడా మూడు వేళ్ళే వదిలి ముందుకు మడిచి మధ్యకు తెస్తే అడ్డకొయ్య అయినట్టు. ఇక చేతిలో తోక మిగులుతుంది, అసలు పని దానిదే. తోకను మధ్యలో ఎడమ కింది మూల నుంచి కుడి పై మూలకు ఏటవాలుగా వేసి వెనక్కి తిప్పాలి. వెనకగా కుడి కింది మూలలోంచి బయటికి తీసి, ఎడమ పై మూలకు మళ్ళీ ఏటవాలుగా వేయాలి. సిలువ నడుమ చిన్న కత్తెర గుర్తు పడుతుంది. చివరికి తోకను వెనక చుట్టు కింద దూర్చి లాగి బిగించాలి. జిగురక్కర్లేదు, దారమూ అక్కర్లేదు. ఆకు ఎండేకొద్దీ మడతలు ఒకదాన్నొకటి కరుచుకుంటాయి.

మొదటిసారి చేసే పిల్లలు తోక దగ్గరే తడబడతారు. వదులుగా దూరిస్తే మర్నాటికి ఊడిపోతుంది, గట్టిగా లాగితే సిలువ చేతులు ముడుచుకుంటాయి. "నీ జడ ఎంత బిగిస్తానో అంతే బిగించు" అనేది నాయనమ్మ మా అక్కతో. ఆ మాట విన్నాక అక్క చేసిన సిలువ ఒక్కటీ ఊడలేదు. బిగువు ఎంతో చెప్పడానికి ఇంతకన్నా మంచి కొలత నాకు ఇప్పటికీ దొరకలేదు.

మడతలు పెడుతున్నంతసేపూ కథ నడిచేది. యేసు గాడిదపిల్లనెక్కి యెరూషలేముకు వచ్చినప్పుడు జనం ఖర్జూరపు మట్టలు పట్టుకుని ఎదురెళ్ళారని యోహాను సువార్తలో ఉంది. ఖర్జూరం పండని దేశాల్లో ఏం పట్టుకున్నారని మా తమ్ముడు అడిగాడొకసారి. నాయనమ్మకు జవాబు తెలియలేదు. నేను పెద్దయ్యాక తెలుసుకున్నాను. రష్యాలో విల్లో రెమ్మలు పడతారు, ఇటలీలో చాలాచోట్ల ఆలివ్ కొమ్మలు. ఎవరి గట్టున ఏ చెట్టుంటే దాని రెమ్మే. మన పల్నాడుకు తాడీ ఈతా ఉన్నాయి. అక్షయ తృతీయకు తాటాకు బొమ్మలు చేసి పెళ్ళిళ్ళు చేసిన పిల్లలదీ, పందిళ్ళకు తాటాకు పరిచిన పెద్దలదీ ఇదే ఆకు. ఊరంతటికీ తెలిసిన వేళ్ళ నేర్పు కాబట్టే గుడికి కూడా అంత సులువుగా నడిచొచ్చింది.

ఆర్‌సీఎం వాళ్ళ ఇళ్ళల్లో ఈ ఆకుకు ఇంకో ఏడాది ఆయుష్షు ఉంటుంది. దీవించిన మట్టల్నీ సిలువల్నీ గుమ్మం పైనో పటం వెనకో దోపి ఉంచుతారు. మళ్ళీ శ్రమల కాలం ముందు గుడికి తెచ్చిస్తే వాటిని కాల్చి, ఆ బూడిదనే భస్మ బుధవారంనాడు నుదుట పెడతారు. పిల్లలు తమ చేత్తో చేసింది తమ నుదుటి మీదికే తిరిగి వస్తుంది. బడిలో అచ్చు కాగితం ఇచ్చి రంగులు వేయమంటే పిల్లలకు ఈ సంగతి ఎలా తెలుస్తుంది? ఆ కాగితాలు నాకు నచ్చవు. అందులో పిల్లలు చేయడానికేమీ మిగల్చరు, అన్నీ ముందే గీసి ఉంటాయి.

గుడ్ల మీద నాకేమీ కోపం లేదు. శ్రమల కాలంలో గుడ్డు ముట్టని పాత రోజుల్లో, నలభై రోజులు పోగైన గుడ్లకు పండగనాడు రంగులద్దుకున్నారు. తూర్పు దేశపు సంఘాల్లో ఎర్రగుడ్డు క్రీస్తు రక్తానికి గుర్తు. యుక్రెయిన్ వాళ్ళు తేనెమైనంతో గీతలు గీసి రంగుల్లో ముంచే పిసాంకాకు 2024లో యునెస్కో జాబితాలో చోటు దక్కింది. హయ్యర్ దొర బయల్దేరి వచ్చిన పెన్సిల్వేనియాలో జర్మన్ రైతులు గుడ్డుకు ఉల్లిపొట్టు రంగు పట్టించి, కత్తిమొనతో గీకి పూలు చెక్కేవారు.

ఆ ఉల్లిపొట్టు మన వంటింట్లో రోజూ పారేసేదే. పది ఉల్లిపాయల పొట్టు అరగంట మరిగించి వడకడితే ఇటుకరంగు నీళ్ళు దిగుతాయి. చల్లారాక ఒక చెంచా వెనిగర్ కలపాలి. గుడ్డు పెంకు సున్నపు జాతిది, పులుపు దాన్ని కాస్త గరుకు చేస్తే రంగు పడుతుంది. కొత్తిమీర రెమ్మను తడిపి గుడ్డుకు అంటించి, పాత పంచె ముక్కలో బిగించి మూటకట్టి ఆ నీళ్ళలో ఉడికించండి. విప్పి చూస్తే ఎర్రటి గుడ్డు మీద తెల్లటి కొత్తిమీర. మెంతాకు ఇంకా అందంగా వస్తుంది. పసుపుతో పచ్చరంగు తేలిగ్గా వస్తుంది, బీట్‌రూట్ మాత్రం వెలిసిపోయినట్టుంటుంది. ఏప్రిల్లో రెంటచింతల ఎండ ఎలా ఉంటుందో రాష్ట్రమంతటికీ తెలుసు, మాకూ తక్కువేం కాదు. ఉడికించిన గుడ్లు ఆ పూటే తినేయాలి.

పత్తి ఊరు కాబట్టి మాకు గొర్రెపిల్ల సులువు. ఏరిన పత్తిలో గింజ తీసి, వేళ్ళతో విదిలిస్తే ఉబ్బుతుంది. అట్టముక్కకు మైదా జిగురు పూసి అద్దితే దేవుని గొర్రెపిల్ల. కాళ్ళకు పత్తికంప పుల్లలు. పత్తి తీసేశాక చెట్టున మిగిలే ఎండు డొప్ప నాలుగైదు రేకులుగా విచ్చుకుని అచ్చం కొయ్యపువ్వులా ఉంటుంది. దానికి సున్నం అద్ది దండ గుచ్చేవాళ్ళం. జిగురుకు పురుగు పట్టకుండా పెద్దవాళ్ళు మైలుతుత్తం కలుపుతారు. అది విషం, పిల్లలు పనిచేసేచోట వద్దే వద్దు.

మా చిన్నప్పుడు లేనిది, మా పిల్లలతో మేం మొదలుపెట్టింది ఒకటుంది, మెంతుల తోట. నల్లరేగడి ఒట్టిగా వాడితే ఎండి బీటలిస్తుంది, అందుకని ఊక కలిపి తొక్కి, పళ్ళెంలో క్రీస్తు సమాధిలా చిన్న గుహ కట్టిస్తాం. దాని నోటికి గుండ్రాయి. మట్టల ఆదివారంనాడు చుట్టూ మెంతులు చల్లి రోజూ నీళ్ళు చిలకరిస్తే మంచి శుక్రవారానికి మొలకలు లేస్తాయి, ఈస్టరుకు గుహ చుట్టూ పచ్చగా నిలుస్తాయి. ఆదివారం తెల్లవారుజామున రాయి పక్కకు జరిపే హక్కు ఇంట్లో అందరికన్నా చిన్నవాళ్ళది.

ఈస్టరు తెల్లవారుజామున సమాధుల తోటకు వెళ్తాం కాబట్టి శనివారం పని అక్కడే. ముందురోజే రాయి సున్నం డ్రమ్ములో వేసి నీళ్ళు పోస్తారు. బుడబుడా ఉడుకుతూ పొగలొస్తుంది, పిల్లల్ని దూరంగా నిలబెడతారు. తెల్లారి వడకట్టి, తెలుపు మెరవడానికి చిటికెడు నీలిమందు, రాలిపోకుండా కాస్త బంక కలుపుతారు. ఈత మట్ట చివర రాతి మీద దంచితే పీచు విచ్చుకుని కుంచె అవుతుంది. కొన్న కుంచెకన్నా అదే పగుళ్ళలోకి బాగా దూరుతుంది. గడ్డి పీకడం పిల్లల పని, సున్నం పెద్దలది. తడి ఆరాక పేర్ల మీద నల్లరంగు దిద్దేవాళ్ళు మళ్ళీ ఇంటి పిల్లలే. నాకు అక్షరాలు కుదిరింది మా ముత్తాత పేరు మీద. పుస్తకంలో వంకర పోయినా ఎవరూ ఏమీ అనేవారు కాదు, అక్కడ మాత్రం వంకర పోనిచ్చేవారు కాదు.

మార్చి 21న గానీ ఆ తర్వాత గానీ వచ్చే పౌర్ణమి దాటిన ఆదివారం ఈస్టర్. 2025లో అది ఏప్రిల్ 20న పడితే, 2026లో ఏప్రిల్ 2 పౌర్ణమి కాబట్టి 5న. అందుకే తెల్లవారుజామున నాలుగింటికి కొవ్వొత్తులు పట్టుకుని పాడుకుంటూ తోటకు వెళ్ళేటప్పుడు ఆకాశంలో ఇంకా చంద్రుడుంటాడు. సున్నం కొట్టిన సమాధులు ఆ వెలుగులో దూరం నుంచే కనిపిస్తాయి. బంతిపూలు, మల్లెలు, వరసగా చిన్న చిన్న దీపాలు. ఆ పూట అక్కడ ఏ పిల్లా భయపడగా నేను చూడలేదు.

మొన్నటి ఈస్టరుకు మా అమ్మాయి వారం కిందట చేసిన సిలువ తెచ్చింది. మొవ్వాకు తెలుపు పోయి తేనెరంగుకు తిరిగింది. నాయనమ్మ సమాధి మీద పెట్టబోతుంటే తోక ఊడింది. కొవ్వొత్తి నా చేతికిచ్చి, అక్కడే గట్టు మీద కూర్చుని, ఎండిన ఆకు చిట్లకుండా కొసను పెదాల మీద తడిపి, వెనక చుట్టు కింద మళ్ళీ దూర్చి, జడ బిగించినంత బిగించింది.