రెండు దీక్షలు, ఒక శాసనము

కుడతిని చెంతనున్న బూడిద దిబ్బను ఎరుగనివారు మనలో అరుదు. అది పూర్వము యుద్ధమున కూలిన రాక్షసుల అస్థిభస్మమని పెద్దలు చెప్పెడివారు. పురావస్తు శాస్త్రజ్ఞులు వేరొక సంగతి కనుగొనిరి. 1957లో పాలమూరు సీమలోని ఉట్నూరున ఆల్చిన్ జరిపిన త్రవ్వకముల వలన, ఇట్టి దిబ్బలు నవీన శిలాయుగమునాటి పశుపాలకులు మందల పేడను ప్రోగుచేసి పలుమారులు కాల్చగా పొరలు పొరలుగా పెరిగినవని స్పష్టమైనది. ఒక్క దినమున ఒక్క వీరుడు చేసిన పని కాదది. పేరు తెలియని అనేకుల చేతిపని.

శాసనములను గురించియు మనకిట్టి కల్పన యొకటి కలదు. చట్టము ఢిల్లీలో ఎవరో పెద్దలు ఆలోచించి ప్రసాదించినదని నమ్ముచుందుము. కులద్వేషముతో జరుగు నేరములను శిక్షించుటకు 1989లో వెలసిన షెడ్యూల్డు కులముల, తెగల అత్యాచార నిరోధక చట్టమును ఒక గ్రంథమును చదివినట్లు చదివినచో ఈ నమ్మకము నిలువదు. దానిని వ్రాయించిన ఉద్యమముల గొంతు అందు వినిపించును.

మొదటి పొర మిక్కిలి లోతైనది. 1917లో బెజవాడలో భాగ్యరెడ్డివర్మ అధ్యక్షతన జరిగిన సభ ‘పంచమ’ శబ్దమును త్రోసిపుచ్చి ‘ఆది ఆంధ్ర’ అను పేరు స్వీకరించినది. తమ పేరు తామే పెట్టుకొనుట హక్కునకు తొలిమెట్టు. మన బళ్ళారి మదరాసు రాజధానిలో నుండగనే, 1938లో, ఎం.సి. రాజా పూనికతో సాంఘిక నిర్బంధములను తొలగించు చట్టము అచట వెలువడినది. 1950లో అమలునకు వచ్చిన రాజ్యాంగము తన పదునేడవ అధికరణమున అస్పృశ్యతను రద్దుచేసినది. దానిని అనుసరించి 1955లో అస్పృశ్యతా నేరముల చట్టము పుట్టినది.

ఈ 1955 చట్టపు భాషను గమనింపుడు. గుడి, బావి, హోటలు, మంగలి దుకాణము - ఇవి అందలి ముఖ్యపదములు. దాని దృష్టిలో నేరమనగా తలుపు మూయుట. శిక్ష ఆరునెలలకు మించని ఖైదు, లేదా అయిదువందల రూపాయలకు మించని జుల్మానా. పైగా వాదిప్రతివాదులు రాజీపడవచ్చును. భూస్వామికిని అతని పొలమున కూలికి పోవువానికిని నడుమ జరుగు రాజీ యెట్టిదో పల్లెటూరి వారికి చెప్పనక్కరలేదు. ఆ రాజీని తొలగించుటకు 1976 దాక ఆగవలసివచ్చినది.

ఇంతకన్న పెద్ద లోపము మరియొకటి. తలుపు తోసికొని లోనికి వచ్చినవానిని చంపిన, ఇల్లు కాల్చిన యెడల, దానిని కులద్వేషముగా గుర్తించు మాట ఆ చట్టమున లేదు. సాహిత్యము ఆ మాటను ముందే పలికినది. ఉన్నవ లక్ష్మీనారాయణగారి ‘మాలపల్లి’ 1922లో వెలువడినది. అందు కూలివారి పక్షమున నిలిచిన సంగదాసు చౌదరయ్య చేతిలో మరణించును. ఆ నవలను నాటి మదరాసు ప్రభుత్వము నిషేధించినది. అనగా, ప్రభుత్వము ఆ చావును గురించిన కథను నేరముగా చూచినదే కాని, అట్టి చావునకు చట్టమున పేరు పెట్టలేదు. ఆ పేరు పెట్టుటకు అరువదియేడు సంవత్సరములు పట్టినది. 1941లో జాషువా తన ‘గబ్బిలము’తో ఈ వేదనను స్వయముగా అనుభవించినవాని కంఠముతో వినిపించెను. ఉన్నవవారిది కరుణ, జాషువాది అభియోగము. కరుణ సంస్కరణను కోరును. అభియోగము న్యాయస్థానమును కోరును. ఈ భేదమే తరువాతి చరిత్ర కంతకును కీలకము.

1968లో కృష్ణాజిల్లా కంచికచర్లలో ఒక దళిత యువకుని సజీవముగా దహించిరి. ఆ సంవత్సరమే డిసెంబరు 25న తంజావూరు సీమలోని కీళ్వెణ్మణిలో 44 మంది అగ్నికి ఆహుతియైరి. అచట కలహమునకు మూలము కూలి రేటు. 1985 జూలై 17న ప్రకాశము జిల్లా కారంచేడులో, త్రాగునీటి చెరువుకడ మొదలైన తగవు పెరిగి ఆరుగురు దళితుల హత్యగా పరిణమించినది. కాని ఈసారి బాధితులు ఊరికి తిరిగిపోలేదు. చీరాలలో శిబిరము వేసికొనిరి. కత్తి పద్మారావు, బొజ్జా తారకము మున్నగువారి నాయకత్వమున దళిత మహాసభ ఏర్పడినది. వారడిగినది దయ కాదు. ఆత్మగౌరవము, భూమి, దోషులకు శిక్ష. నాలుగేండ్లకు చట్టము వచ్చినది. కారంచేడు ఒక్కటియే దానికి కారణమనుట అతిశయోక్తి. దేశమున నలుమూలల జరిగిన ఘోరములు, వానిపై లేచిన గొంతులు అందు కలసినవి.

ఇక ఆ చట్టమును చదువుడు. తినరాని, త్రాగరాని పదార్థమును బలవంతముగా నోటబెట్టుట, ఇంటిముంగిట కళేబరము పడవేయుట, వివస్త్రను చేసి ఊరేగించుట, భూమి నాక్రమించుట, త్రాగునీటిని పాడుచేయుట - ఒక్కొక్కటి వేర్వేరు నేరముగా పేర్కొనబడినది. ఇవి న్యాయశాస్త్ర గ్రంథములనుండి తీసినవి కావు. పల్లెల జ్ఞాపకములనుండి వచ్చినవి. విధిని ఉపేక్షించిన ప్రభుత్వోద్యోగిని సైతము శిక్షింపవచ్చునని నాలుగవ సెక్షను చెప్పుచున్నది. 2015 సవరణమున చెప్పులదండ వేయుట, మీసము గొరుగుట, సాంఘిక బహిష్కారము చేరినవి. దళిత స్త్రీని దేవదాసిగా అర్పించుటయు చేరినది. ఈ చివరి మాట మన బళ్ళారి సీమ గుండెలో గుచ్చుకొనవలసినది. కర్ణాటకమున 1982లోనే దేవదాసీ సమర్పణమును నిషేధించు చట్టము వచ్చినను, మరల చెప్పవలసివచ్చినది.

అయితే గ్రంథము గొప్పదైనంత మాత్రమున ఫలము సిద్ధింపదు. 1991 ఆగస్టు 6న గుంటూరు జిల్లా చుండూరులో ఎనిమిదిమంది హతులైరి. బాధితుల పట్టుదల వలన విచారణకు ప్రత్యేక న్యాయస్థానము ఆ గ్రామముననే ఏర్పడినది. 2007లో 21 మందికి యావజ్జీవ శిక్ష విధింపబడినది. 2014లో హైకోర్టు నిందితులనందరిని విడుదలచేసినది. ఈవలి గట్టునను అంతే. 2000 మార్చిలో నాటి కోలారు జిల్లా కంబాలపల్లిలో ఏడుగురు దగ్ధమైరి. ఆ కేసును నిలువలేదు.

చట్టము దుర్వినియోగమగుచున్నదను వాదమును మన ఇండ్లలోను వినుచున్నాము. 2018 మార్చిలో సుప్రీముకోర్టు ఆ భయముతోనే అరెస్టులకు కట్టుబాట్లు విధించినది. ఏప్రిల్ 2న దేశమంతట బందు జరిగినది. ఆగస్టులో పార్లమెంటు చట్టమును సవరించినది. 2020లో ఆ సవరణమును సుప్రీముకోర్టు సమర్థించినది. అబద్ధపు ఫిర్యాదు ఎక్కడను ఉండదని నేననను. కాని కేసు వీగిపోవుట అబద్ధమునకు నిదర్శనము కాదు. సాక్షి ఎవరి పొలమున బ్రదుకుచున్నాడను ప్రశ్న ముందు వేసికొనవలెను.

ఇదంతయు తెలుగు సంఘపు సంచికలో ఏల యని అడుగవచ్చును. అమరజీవి పొట్టి శ్రీరాములుగారి పటము మన సభలలో ఉండును. 1952 అక్టోబరు 19న దీక్ష పూని, 58 దినములకు, డిసెంబరు 15న ఆయన ప్రాణములు విడిచెను. 1953లో ఆంధ్రరాష్ట్రమేర్పడి, బళ్ళారి మైసూరున కలియుటతో మనము అల్పసంఖ్యాకులమైతిమి. తరువాత 1956లో రాజ్యాంగమున చేరిన 350-ఎ, 350-బి అధికరణములు మాతృభాషలో ప్రాథమిక విద్యకు, భాషాల్పసంఖ్యాకుల రక్షణకు ఆధారము. మనము చూపుకొను ఆ హక్కుపత్రము సైతము ఉద్యమముల ఫలమే కాని దానము కాదు.

కాని ఆ మహనీయుడు అంతకుముందు, 1946లో, నెల్లూరు మూలపేట వేణుగోపాలస్వామి ఆలయమున హరిజనులకు ప్రవేశము కోరి నిరాహారదీక్ష చేసెను. ఆ దీక్షను మన సభలలో స్మరించుట నేనెన్నడును వినలేదు. ఒకే దేహము రెండు మారులు ఆకలిగొన్నది. ఒక ఆకలి మనకొరకు, మరియొకటి మనము దూరముంచినవారి కొరకు. మొదటిదానిని పండుగ చేసికొని రెండవదానిని మరచుట ఆయన జీవితమును సగము చదివి మూసివేయుట.

అల్పసంఖ్యాకుడు చట్టపు నీడను కోరును. ఆ నీడ తనవరకే చాలుననుకొన్ననాడు ఆ కోరికకు న్యాయబలము పోవును. మన కల్యాణమండపమున పంక్తికి ఎవరు కూర్చుండుచున్నారు, మన సంఘ సభ్యత్వపట్టికలో ఏ వాడల పేర్లు లేవు, మన పొలములలో పనిచేయువారి గ్లాసు వేరుగా నున్నదా - ఈ ప్రశ్నలకు సమాధానము ఏ చట్టమును మనకు బదులు వ్రాయదు. రాబోవు డిసెంబరు 15న అమరజీవికి పూలమాల వేయునపుడు మూలపేట దీక్షను గూడ ఒక్క వాక్యమున చెప్పుకొందము. చెప్పిన తరువాత ఆ వాక్యమునకు తగినట్లు పంక్తిని సరిచేసికొందము.