లోపించిన నెల ఎవరి ఖాతాలో?

కొద్ది నెలల కిందట ఒక విద్యార్థి తన కథ రాతప్రతి తెచ్చి, పూర్ణా మార్కెట్ దగ్గర మేము నెలకోసారి కలుసుకునే మేడగదిలో చదివాడు. అందులో ఒక రాజ్యం. అక్కడ కాలం చెడిపోయింది. ఒక ఏడు తొమ్మిది నెలలకే ముగుస్తుంది. మరొక ఏడు పద్నాలుగు నెలలు సాగుతుంది. పున్నమికీ పున్నమికీ మధ్య ఒకసారి పది రోజులు, ఒకసారి నలభై. చివరకు ఆస్థాన జ్యోతిష్కుడు కొండెక్కి గంట మోగిస్తే కాలం కుదుటపడుతుంది.

"ఇందులో జీవితం ఏదయ్యా?" అన్నారు మిత్రులొకరు. మన గోష్ఠుల్లో ఇటువంటి కథలకు దొరికే తీర్పు సాధారణంగా ఇంతే. ఎం.ఏ. చదివే రోజుల్లో నేనూ ఇలాంటి తీర్పులు ధారాళంగా ఇచ్చినవాణ్ణే. ఈసారి మాత్రం ఒప్పుకోలేకపోయాను. అలాగని కథను మెచ్చుకోనూ లేకపోయాను. అద్భుత కల్పన కావడం దాని దోషం కాదు. కాలం అంతగా విరిగినా అందులో ఎవరికీ చిల్లిగవ్వ నష్టం లేదు. అదీ దోషం. పద్నాలుగు నెలల ఏట ఏడాది జీతానికి కుదిరిన పాలేరు సంగతేమిటి? కడపటి రెండు నెలలూ అతడు ఎవరి కోసం దున్నాడు?

"కల్పనకు లెక్కేమిటి మేస్టారూ?" అన్నాడా అబ్బాయి.

లెక్క మన పంచాంగంలోనే ఉంది. చాంద్రమాన సంవత్సరం సుమారు 354 రోజులు, సౌరమానం 365. ఏటా మిగిలే పదకొండు రోజులూ పోగుపడి రెండేళ్ల ఎనిమిది నెలలకు అటూ ఇటూగా ఒక అధిక మాసమవుతాయి. ఇది కొంత క్రమంగా నడిచే వ్యవహారమే. అసలు అద్భుతం క్షయమాసం. ఒకే చాంద్రమాసంలో రెండు సంక్రమణాలు పడితే ఒక నెల పేరు లోపిస్తుంది. 1822-23లో అలా జరిగింది. మళ్లీ 1963-64లో, అంటే 141 ఏళ్లకు. ఆపైన 1982-83లోనే, కేవలం 19 ఏళ్లకు. రాబోయేది 2123-24. ఏ కథకుడి ఊహకూ ఇంత వంకర అంతరాలు తోచవు. అయినా వీటి వెనుక గణితం ఉంది. భాస్కరాచార్యుడు పన్నెండో శతాబ్దంలోనే ఈ 141నీ 19నీ చెప్పాడు. అస్థిరత వేరు, అరాచకం వేరు. మన కుర్రవాడు రెంటినీ ఒకటిగా భావించాడు.

ఆ గణితం ఎవరి నెత్తిన పడుతుందన్నది వేరే ప్రశ్న. 2023లో ఆషాఢం వెంటనే అధిక శ్రావణం వచ్చింది. వరసగా రెండు నెలలు పెళ్లిళ్లు లేవు. మా మేడమెట్ల కింద దండలు కట్టే ఆమె ఆ రోజుల్లో నాతో అన్న మాట: "సావనం సావనమని అప్పు తెచ్చినాను బాబూ. సావనం రెండు పాలు అయిపోనాది. వడ్డీ మాత్రం రెండో పాలు ఆగదు గదా!" కాల భంగాన్ని గురించి ఇంత సూటి విమర్శ నేనే పుస్తకంలోనూ చదవలేదు.

లెక్క సంగతి ఏలినవారికి తెలియనిది కాదు. ఇంగ్లండులో 1752 సెప్టెంబరు 2 మర్నాడు 14వ తేదీ అయింది. పోయిన రోజుల కోసం జనం అల్లర్లు చేశారన్న కథను చరిత్రకారులిప్పుడు నమ్మరు. కాని అద్దెలు, అప్పుల గడువులు పదకొండు రోజులు ముందుకు జరగకుండా ఆ చట్టంలోనే ఏర్పాటు చేశారు.

మన సాహిత్యంలో కాలం విరిగిన గొప్ప కథ భాగవతం నవమస్కంధంలో ఉంది. సముద్రం మధ్యనున్న కుశస్థలికి రాజు రైవతుడు. కూతురు రేవతికి తగిన వరుణ్ణి అడుగుదామని ఆమెను వెంటబెట్టుకుని బ్రహ్మలోకం వెళతాడు. అక్కడ గంధర్వగానం సాగుతోంది. అది ముగిసేదాకా క్షణకాలం ఆగుతాడు. ఆ క్షణంలో భూమిమీద 27 చతుర్యుగాలు గడిచిపోయాయి. అంటే 11 కోట్ల 66 లక్షల 40 వేల ఏళ్లు. రేవతికి బలరాముడు దొరికాడు, రాజు తపస్సుకు బదరి వెళ్లాడు. మరి కుశస్థలి? యక్షుల భయంతో రాజు సోదరులు నగరం విడిచి చెల్లాచెదురయ్యారు. ఆ ఊరి జాలర్ల మాట, కుమ్మర్ల మాట లేదు. ఇది రాజుల కథ అనడంలో సందేహం లేదు. అయినా రైవతుడు మనసులో అనుకున్న వరుల కొడుకులు, మనుమలు, చివరకు గోత్రనామాలు సైతం వినిపించవని బ్రహ్మ నవ్వుతూ చెప్పే చోట గుండె కలుక్కుమంటుంది. పోగొట్టుకున్నదేమిటో అక్కడ పేర్కొన్నారు కనుక. 'ఆదిత్య 369' (1991)లో ఆ కలుక్కు లేదు. సరదాగా చూడదగ్గ చిత్రమే. కాని 1526కు వెళ్లినా 2504కు వెళ్లినా అక్కడ కాలం ఒక రహదారి మాత్రమే. పంచాంగం చెక్కు చెదరదు.

ఇదంతా ఆ అబ్బాయితో మార్కెట్ సందులో నడుస్తూ చెప్పాను. పూల ధర అడగమన్నాను కూడా. అడగడానికి సిగ్గుపడ్డాడు.

పోయిన నెల తిరగరాసి తెచ్చాడు. ఇప్పుడందులో ఒక పాలేరున్నాడు. చదువు రాదు, రోజుకొక గాటు చొప్పున చేతికర్రమీద పెట్టుకుంటాడు. 365 గాట్లు నిండగానే కాడి దించి, జీతం అడుగుతాడు. ఏడింకా ముగియలేదంటాడు కామందు. కర్ర చూపిస్తాడు పాలేరు. ఆ నాలుగు పేజీలూ బాగున్నాయి. కొండమీది గంట మాత్రం అలాగే ఉంది. తీసెయ్యమన్నాను. ఆలోచిస్తానన్నాడు.