హదీసుల్లో పట్టుబట్ట

మగవాడు పట్టు తొడగరాదనీ, గర్వంతో వస్త్రం నేల ఈడ్చేవాడికి దైవానుగ్రహం లేదనీ చెప్పే హదీసుల విషయంలో మనవాళ్లు రెండు తెగలు. ఒకరు గ్రంథం పేరు చెప్పి చేతులు జోడిస్తారు. మరొకరు అన్నీ కల్పితాలని కొట్టిపారేస్తారు. ఈ రెండింటినీ నేను విమర్శ అనలేను.

ఎవరు ఎవరివద్ద విన్నారు, వారిద్దరూ కలుసుకున్నారా, చెప్పినవాని జ్ఞాపకశక్తి ఎట్టిది అని నిలదీసే ఇస్నాదు పద్ధతిని గుడ్డినమ్మకమని తోసిపుచ్చరాదు. 870లో మరణించిన బుఖారీ, 875లో మరణించిన ముస్లిం ఈ జల్లెడతోనే తమ సంకలనాలు కూర్చారు. 12వ శతాబ్దంలో ఇబ్నుల్ జౌజీ కల్పిత హదీసులను వేరుచేసి గ్రంథమే రాశాడు. అతుకులబట్టను భక్తికి బిరుదుగా ధరించేవారిని కూడా దుయ్యబట్టాడు. 1890లో గోల్డ్‌జిహర్, 1950లో షాఖ్ట్ వేసిన ప్రశ్న వేరు: తరువాతి తరాల తగాదాలను ప్రవక్త నోట పెట్టలేదా? ఈ ప్రశ్ననూ మనం వదులుకోరాదు.

పట్టు సంగతే చూడండి. దురద కారణంగా జుబైర్‌కూ, అబ్దుర్రహ్మాన్ బిన్ ఔఫ్‌కూ పట్టు అనుమతించినట్లు రెండు సంకలనాలూ చెబుతాయి. ఆ ఇద్దరూ సహచరులలో పెద్ద సంపన్నులు. ధనికుల కోసం పుట్టిన మినహాయింపేమో అని తోచడం సహజమే. కాని వర్గదృష్టి అనుమానాన్ని పుట్టించగలదు గాని రుజువును పుట్టించలేదు. నిషేధం మాత్రం పలువురు సహచరుల ద్వారా, వేర్వేరు పరంపరల్లో వచ్చింది. దాన్ని ఒక్కడి కల్పన అనడం కష్టం.

మగ్గం కూడా కొంత సాక్ష్యం చెబుతుంది. మష్రూ అంటే ధర్మసమ్మతమని అర్థం. పడుగు పట్టు, పేక నూలు. మెరుపు పైకి, నూలు ఒంటికి. నిషేధాన్ని లెక్కచేసేవారు లేకపోతే ఈ నేతకు ఆ పేరెందుకు? అయితే నియమం అమలులో ఉండెనని మాత్రమే దీనివల్ల తేలుతుంది. అది ప్రవక్త మాటేనని తేలదు.

ఇక మన గడ్డకు వద్దాం. కర్నూలు, కడప సీమలో పత్తి ఏకి, పరుపులు కుట్టి బతికినవారు దూదేకులవారు, నూర్‌బాషాలు. వారి ఇంటిభాష తెలుగే. తోటి ముస్లింలలో పెద్దకులాలవారే వారిని చిన్నచూపు చూశారు. నిరాడంబరత విశ్వాసంలో భాగమనే అబూ దావూద్ హదీసును పేదవానికి వినిపించి, దేవుడు అందాన్ని ప్రేమిస్తాడనే ముస్లిం హదీసును తన షేర్వానీకి కుట్టుకునే పెద్దమనిషి ఇస్నాదు జోలికి పోడు. అతని మోసమంతా ఎంపికలో ఉంది. ఆ రెండవ హదీసులోనే గర్వమంటే ఏమిటో ఉంది: సత్యాన్ని తోసిపుచ్చడం, మనుషులను హీనంగా చూడడం. ఆ భాగాన్ని మాత్రం అతడు చదవడు.

కనుక ప్రామాణ్యం తేల్చడంతో విమర్శకుని పని సగమే అవుతుంది. ఏ మాటను ఎవరికి చదువుతున్నారో, ఎవరిదగ్గర దాస్తున్నారో కూడా తేల్చాలి.