కంఠములలో నిలిచిన నాదవిద్య

వ్యాడి రచించిన ‘సంగ్రహ’మను వ్యాకరణ మహాగ్రంథము నేడు లభ్యము కాదు. లక్ష శ్లోకముల పరిమితి కలదని సంప్రదాయము చెప్పుచున్న ఆ గ్రంథమున, శబ్దము నిత్యమా లేక కార్యమా అను ప్రశ్న ప్రధానముగా పరీక్షింపబడినదని పతంజలి మహాభాష్యమున పేర్కొనినాడు. శబ్దతత్త్వమే ఆద్యంతములు లేని బ్రహ్మమనియు, ఈ జగద్వ్యాపారమంతయు దానినుండియే వెలువడుచున్నదనియు ప్రతిపాదించి వాక్యపదీయమును ఆరంభించిన భర్తృహరి, ఆ గ్రంథముయొక్క ద్వితీయకాండాంతమున సంగ్రహము నశించిన వైనమును తలచుకొని ఖేదపడినాడు. క్లుప్తములగు గ్రంథములతో తృప్తిపడు పండితులవలన అంత విస్తృతమైన శాస్త్రము అంతరించెనని ఆయన యభిప్రాయము.

అచ్చటనే ఆయన మరియొక మాట చెప్పెను. మహాభాష్యాధ్యయన పరంపర సైతము ఒకానొక కాలమున భ్రష్టమై, దక్షిణదేశమున గ్రంథరూపమున మాత్రమే మిగిలియుండగా, చంద్రాచార్యాదులు ‘పర్వతము’నుండి ఆగమమును సంపాదించి దానిని పునరుద్ధరించిరట. ఆ పర్వతము త్రిలింగదేశ భాగములోనిదని టీకాకారుడు వ్యాఖ్యానించుట తెలుగువారికి గర్వకారణమే కాని, నన్ను అంతకంటె ఎక్కువగా ఆకర్షించినది భర్తృహరి దృష్టి. పుస్తకము ఉండియు చెప్పువాడు లేనిచో విద్య పోయినట్లే ఆయన లెక్కించెను. ఈ దృష్టి ఎంత యథార్థమో తెలిసికొనుటకు మన గోదావరీ మండలమును మించిన ప్రదేశము లేదు.

తాండవ నదీతీరమున నున్న మా తునినుండి నైరుతిదిశగా పోయి గౌతమిని దాటినచో కోనసీమ. వ్యాఘ్రేశ్వరము, నేదునూరు మొదలగు గ్రామములు వేదపండితులకు చిరకాలముగా నెలవులు. కోనసీమ ఆహితాగ్నుల జీవితములను గూర్చి అమెరికా దేశీయుడగు డేవిడ్ నైప్ రచించిన బృహద్గ్రంథమును ఆక్స్‌ఫర్డ్ విశ్వవిద్యాలయ ముద్రణాలయము 2015లో ప్రకటించినది. ఈ ప్రాంతమున వేదాధ్యాయులలో అధికసంఖ్యాకులు కృష్ణయజుర్వేద తైత్తిరీయ శాఖవారు, ఆపస్తంబ సూత్రులు.

ఈ విద్యకు మొదటి మెట్టు సంత. గురువు ఒక వాక్యభాగమును ఒకమారు పలుకగా శిష్యుడు దానిని రెండుమారులు పలుకును. పిమ్మట దినములతరబడి వల్లె వేయును. ఏబది పదముల పాఠభాగమును పనస యందురు. పనసకు పనస చేర్చుకొనుచు సంహిత, బ్రాహ్మణము, ఆరణ్యకము పూర్తియగునప్పటికి బాలుడు యువకుడగును. పాఠము చేతబట్టి చదువుటకు వీలులేదు. అనుదాత్తమునకు స్వరము దిగవలెను, ఉదాత్తము సమమున నిలువవలెను, స్వరితము పైకి లేవవలెను. ఒక్క స్వరము తప్పినను గురువు అచ్చటనే ఆపి, ఆ వాక్యమును మొదటినుండి చెప్పించును. పాడ్యమి, అష్టమి, చతుర్దశి, పర్వదినములు అనధ్యయనములు. తక్కిన దినములందు తెల్లవారుజామునుండి కంఠమునకు విరామము లేదు.

సంహితాపాఠము కుదిరిన తరువాత సంధులను విడదీసి పదపాఠమును, రెండేసి పదములను గొలుసుగా కూర్చి క్రమపాఠమును చెప్పుదురు. ఆపై జట, మాల, శిఖ, రేఖ, ధ్వజము, దండము, రథము, ఘనము అని వికృతులు ఎనిమిది. వీనిలో నేడు విశేష ప్రచారమున నున్నవి జటయు, ఘనమును. మంత్రమును ఇచ్చట ఉదాహరింపక, నది, తీరము, గ్రామము అను మూడు సామాన్య పదములతో ఘనపు కూర్పును చూపెదను. “నది తీరము, తీరము నది, నది తీరము గ్రామము, గ్రామము తీరము నది, నది తీరము గ్రామము” — ఇది ఒక ఘనము. ఇందు పదమూడు ఉచ్చారణలు కలవు. తరువాతి ఘనము తీరమునుండి మొదలగును, దాని తరువాతిది గ్రామమునుండి. ఇట్లు సాగునప్పుడు వాక్యమధ్యమున నున్న ప్రతి పదమును తన ఘనమున ఐదుమారులు, ముందటి ఘనమున ఐదుమారులు, దానికి ముందటి ఘనమున మూడుమారులు, వెరసి పదమూడుమారులు పలుకబడును. పాఠకుడు వ్రేళ్లు మడిచి లెక్క చూచుకొనవచ్చును.

పదములు తలక్రిందులైనపుడు వాని నడుమ ఏర్పడు సంధి సంహితలో ఎన్నడును కానరానిది. దానిని ప్రాతిశాఖ్య నియమములను బట్టి అప్పటికప్పుడు సాధించి, సంధితోపాటు మారిన స్వరమును సైతము సరిగా పలుకవలెను. ఒక అక్షరము జారినచో ఆ దోషము అనులోమమునను విలోమమునను పలుతావుల బయటపడును గనుక దాగుటకు చోటు లేదు. వ్రాయసకాని చేతిలో ఒకపరి పడిన తప్పు తరువాతి ప్రతులన్నిటికిని సంక్రమించుట తాళపత్రములు పరిష్కరించిన ప్రతివానికి అనుభవమే. ఈ రక్షణ వాటికి లేదు. సభలో ఇరువురు ఘనాపాఠులు ఎదురెదురుగా కూర్చుండి ఒకే గొంతుకగా ఘనము చెప్పుచుండగా వినుట నా యెరుకలో ఏ సంగీతసభకును తీసిపోని భాగ్యము.

అయితే ఇది కేవలము జ్ఞాపకశక్తి ప్రదర్శనమా? కాదనుటకు తైత్తిరీయోపనిషత్తులోని శిక్షావల్లియే సాక్ష్యము. వర్ణము, స్వరము, మాత్ర, బలము, సామము, సంతానము అను ఉచ్చారణాంగములను చెప్పిన వెంటనే ఆ ఉపనిషత్తు సంధిని ఉపాసింపుమనును. పూర్వవర్ణము భూమి, ఉత్తరవర్ణము ద్యులోకము, నడిమి సంధి ఆకాశము, వానిని కూర్చునది వాయువు. అదే వరుసలో ఆచార్యుడు పూర్వవర్ణము, శిష్యుడు ఉత్తరవర్ణము, విద్య సంధి, బోధన వానిని కూర్చునది. రెండక్షరములు కలియు సూక్ష్మస్థానమున భూలోక ద్యులోకముల కలయికను దర్శించిన ఈ భావన, సంధిని తప్పక పలుకుటకై పండ్రెండేండ్లు శ్రమించువాని నోట మాత్రమే అనుభవమగునని నా నమ్మకము. నాదబ్రహ్మమును గూర్చి ఉపన్యసించుట సులభము. ఒక అనుదాత్తమును దాని స్థానమున నిలుపుట కష్టము, విలువయు అందులోనే కలదు.

లోపములను దాచరాదు. ఈ విద్య శతాబ్దములుగా ఒక్క వర్ణమువారికి, అందును పురుషులకు మాత్రమే పరిమితమై, ఎందరో సమర్థులకు దూరమైనది, అది అన్యాయము. కంఠపాఠము ముగించిన పలువురు అర్థవిచారమునకు పోకపోవుటయు కొఱతయే. యాస్కుడు నిరుక్తమున దీనిని ఏనాడో నిందించెను.

నష్టము సామాన్యమైనది కాదు. పతంజలి యజుర్వేదమునకు నూటయొక్క శాఖలను, సామవేదమునకు వేయి మార్గములను చెప్పియుండగా, వేదపారాయణ సంప్రదాయమును 2003లో మానవజాతి వారసత్వ సంపదగా ప్రకటించిన యునెస్కో, వేయికి పైబడిన శాఖలలో పదమూడు మాత్రమే మిగిలినవని తెలిపినది. నిలిచినవానిలో మన తైత్తిరీయము ఒకటి. పశ్చిమగోదావరిలోని ఐ. భీమవరమున తిరుమల తిరుపతి దేవస్థానము వేదపాఠశాలను నడుపుచున్నది. కాని పాఠశాల యొక్కటే చాలదు, వినువారు ఉండవలెను.

మన పెండ్లిండ్లలో ఆశీర్వచన పనస మొదలగునప్పటికి మేళము హోరు, ఛాయాగ్రాహకుల తొందర, భోజనముల పిలుపు కలిసి ఆ స్వరమును ముంచివేయుచున్నవి. గృహస్థులకు నా మనవి యొక్కటి: ఆ కొన్ని నిమిషములు మేళమును ఆపించుడు, బంధువులను కూర్చుండబెట్టుడు, వచ్చిన ఘనాపాఠిని సంభావనతో సరిపెట్టక ఒక్క ఘనము చెప్పుమని అడుగుడు. ఆయన తప్పక సంతోషించును.