నిర్మాణ నిర్వాహకుని శిల్పదృష్టి: కె.వి. రెడ్డి

భరతుడు నాట్యశాస్త్రమున నాటకబృందమును వివరించుచు సూత్రధారునితో పాటు కిరీటములు చేయువానిని, మాలలు కూర్చువానిని, వస్త్రములకు రంగులద్దు రజకుని సైతము పేర్కొనెను. తెర వెనుకనున్న వారిని గూడ నాట్యాంగములుగా గుర్తించిన ఆ దృష్టి మన చలనచిత్ర విమర్శయందు కొరవడినది. నటులను గూర్చియు దర్శకులను గూర్చియు వ్రాసిన పుటలు పెక్కు గలవు. ప్రొడక్షను మేనేజరని వ్యవహరింపబడు నిర్మాణ నిర్వాహకుని ప్రసక్తి మాత్రము అరుదు. ఇందువలన కళకును నిర్మాణమునకును గల సంబంధము మరుగుపడుచున్నది. ఆ సంబంధమును పరిశీలించుటకు కదిరి వెంకటరెడ్డి (1912–1972) జీవితము తగిన ఉదాహరణము.

తాడిపత్రిలో జన్మించిన వెంకటరెడ్డి చిత్రరంగమున అడుగిడినది దర్శకుడుగా గాదు. రోహిణీ సంస్థవారి ‘గృహలక్ష్మి’ (1938)కి ఆయన క్యాషియరు. పిమ్మట బి.ఎన్. రెడ్డి దర్శకత్వమున వాహినీ సంస్థ వెలువరించిన ‘వందేమాతరం’ (1939), ‘సుమంగళి’ (1940), ‘దేవత’ (1941) చిత్రములకు నిర్మాణ నిర్వాహకుడు. ఏ సన్నివేశమును ఏ సెట్టున, ఏ దినమున, ఎవ్వరితో తీయవలెనో నిర్ణయించుట, నటుల కాల్షీట్లను సమకూర్చుట, ముడిఫిలిము వృథా కాకుండ చూచుట, కూలి, భోజన, వాహన వ్యయములకు లెక్క చెప్పుట అట్టి ఉద్యోగి కర్తవ్యములు. ఈ అనుభవముతోనే ఆయన ‘భక్త పోతన’ (1943)కు దర్శకత్వము వహించెను. తరువాత ‘పెళ్లినాటి ప్రమాణాలు’ (1958), ‘జగదేకవీరుని కథ’ (1961), ‘శ్రీకృష్ణార్జున యుద్ధము’ (1963) చిత్రములకు నిర్మాణభారమును గూడ తానే వహించెను.

ఈ పూర్వానుభవము ఆయన శిల్పమునకు వెలుపలిది గాదని నా అభిప్రాయము. చిత్రీకరణమునకు ముందే సంభాషణలతో సహా కథను ఖాయపరచుట, సన్నివేశముల నిడివిని స్టాపువాచీతో కొలుచుట ఆయన పద్ధతి. ఇది లెక్కలు వ్రాసినవాని అలవాటు. అయినను దాని ఫలితము పొదుపు మాత్రమే గాదు. ‘మాయాబజార్’ (1957) భారతపాత్రలతో నడచు కథ. అయినను అందు పంచపాండవులు తెరపై కానరారు. కథాభారమంతయు శశిరేఖాభిమన్యుల ప్రణయముపైనను, ఘటోత్కచుని చాతుర్యముపైనను నిలచినది. అట్లే ప్రియదర్శిని యను పేటికను చూడుడు. ఎవరికి ప్రియమైనది వారికి అందు కనిపించును: శశిరేఖకు అభిమన్యుడు, బలరామునికి దుర్యోధనుడు. ఒక్క వస్తువుతో పలువురి స్వభావములు బయల్పడినవి. సంభాషణములతో చెప్పబూనినచో ఇందుకు ఎన్ని సన్నివేశములు కావలసెడివో ఊహింపవచ్చును. వ్యయమున మితము నేర్చిన బుద్ధి కథనమునను మితము పాటించినది. ఔచిత్యమును ఆలంకారికులు పదములయందు వెదకిరి. ఇచ్చట అది పాత్రల ఎంపికయందును, వస్తువుల వినియోగమునందును గోచరించుచున్నది.

ఈ వాదమునకు హద్దు గలదు. ప్రణాళిక రసమునకు ప్రత్యామ్నాయము కాజాలదు. ‘యోగి వేమన’ (1947) విమర్శకుల మన్నన పొందియు ఆర్థికముగ రాణింపలేదు. ‘సత్య హరిశ్చంద్ర’ (1965), ‘ఉమా చండీ గౌరీ శంకరుల కథ’ (1968) చిత్రములను ప్రేక్షకులు ఆదరింపలేదు. పద్ధతి పూర్వపుదే, కాలము మారినది. లెక్క తప్పకుండుటయే విజయమునకు హేతువైనచో ఈ పరాజయములు సంభవించియుండవు. కావున నిర్వాహకుని శిక్షణము కళను పుట్టించినదని నేననను. పుట్టిన కళకు కట్టుబాటును, నిడివిని, నిలుకడను ఇచ్చినదని మాత్రమే అనుచున్నాను.

అయినచో పరిశోధకుని కర్తవ్యమేమి? పోతన భాగవతమునకు పాఠనిర్ణయము చేయువారు తాళపత్రప్రతులను వెదకి సంగ్రహింతురు. చలనచిత్రమునకు అట్టి ప్రతులు కాల్షీట్లు, సెట్ల పట్టికలు, చెల్లింపుల చిట్టాలు, దిద్దుబాట్లుగల కథాప్రతులు. చిత్రము విడుదలయైన పిమ్మట వీనిని పదిలపరచువారు అరుదు. చెదలు తినిన తాళపత్రమును గూర్చి వగచు మనము ఈ కాగితములను చిత్తుగా భావించుట తగదు. దర్శకుడు ఏమి చూపదలచెనో చిత్రమే చెప్పును. ఏమి వదలుకొనెనో, ఎందులకు వదలుకొనెనో చెప్పగలవి ఈ కాగితములే. వీని సేకరణమునకు తెలుగుశాఖల విద్యార్థులు పూనుకొన్ననాడు మన చలనచిత్ర విమర్శ అభిప్రాయప్రకటనమును దాటి శాస్త్రముగా పరిణమింపగలదు.