నేరస్థుడు నాయకుడైన కథ

పెద్దలకై వ్రాయబడు జపాను బొమ్మల కథలలోను, మన తెలుగు చలనచిత్రములలోను నేరస్థుడే కథానాయకుడగుట ఇప్పుడు సామాన్యమైనది. మన సంఘములలోని యౌవనులు రెంటిని చేతిలోని ఫోనులోనే చూచుచున్నారు. “అయ్యగారూ, ఇట్టివి చూడవచ్చునా?” అని తలిదండ్రులు అడుగుదురు. మన చిత్తూరు సీమ యాసలోనే మాటలాడు ‘పుష్ప’ను పరిశీలింతము. మొదటి భాగము 2021 డిసెంబరు 17న, రెండవది 2024 డిసెంబరు 5న వెలువడెను. మొదటిదానికై అల్లు అర్జున్‌కు ఉత్తమ నటుడుగా జాతీయ పురస్కారము వచ్చెను. తెలుగు నటునికి అది మొదటిసారి.

పాపి కథ గనుక తోసివేయుడనుట సులభము. అట్లయిన సమూయేలు రెండవ గ్రంథమును కూడ మూయవలెను. దావీదు పరుని భార్యను తీసికొని, ఆమె భర్తను యుద్ధములో చంపించెను. అతని కుమారుడైన అమ్నోను తన చెల్లెలైన తామారును బలాత్కరించెను. నోట పలుక సిగ్గుపడు సంగతులను లేఖనము దాచలేదు. అయితే అక్కడ చంపబడిన ఊరియాకు పేరున్నది. ఇంటికి పోక రాజనగరు వాకిట పండుకొనిన అతని నిష్ఠ కనబడుచున్నది. తలమీద బూడిద పోసికొని పోవుచున్న తామారు ఏడ్పు వినబడుచున్నది.

దర్శకుడు సుకుమార్ కథను మేలుగానే ఆరంభించెను. తండ్రి ఇంటిపేరు దక్కని బిడ్డ పడు అవమానము కల్పన కాదు. ఇంటిపేరడిగి మనిషిని తూచుట మన పల్లెలకు తెలియును, (సంఘములకును తెలియకపోలేదు). ఎఱ్ఱచందనము నరకు కూలిగా పుష్ప ప్రవేశించును. కాని అతడు పైకెక్కినకొలది తక్కిన కూలీలు ముఖములేని గుంపైపోయిరి. శ్రీవల్లి చిరునవ్వును డబ్బిచ్చి కొనజూచుట హాస్యముగా గడచిపోయెను. ఇక్కడనే నాకు ఈ చిత్రముతో పేచీ.

అందులోని అడవి దృశ్యములు అనేకము మారేడుమిల్లిలో తీయబడినవి. ఎఱ్ఱచందనము నిజముగా పెరుగు శేషాచలములో 2015 ఏప్రిల్ 7న పోలీసు కాల్పులవలన 20 మంది మరణించిరి. వారు తమిళనాడునుండి వచ్చిన కూలీలు. దుంగలు కొని అమ్ముకొను ధనవంతుడొక్కడును ఆ మృతులలో లేడు. కుప్పమునుండి ఆ రాష్ట్రపు సరిహద్దు ఎంత దూరము? వర్షము లేని యేడు కూలికై ఎక్కడికైనను పోవు యౌవనులు మన ఊళ్లలోను ఉన్నారు.

మదనపల్లెలో గాని పుంగనూరులో గాని యౌవనుల కూడికలో ఈ చిత్రము మాట వచ్చినయెడల, కాపరులు కోపపడవద్దు. నాతాను దావీదును మొదటనే గద్దింపలేదు. ఒక దరిద్రుని గొఱ్ఱెపిల్ల కథ చెప్పెను. పిల్లలు గడ్డము క్రింద చేయి త్రిప్పి తగ్గమని చెప్పునప్పుడు నవ్వనిచ్చి, కాగితములు పంచుడి. ఆ 20 మందిలో ఒకని ఇంట మరునాడు ప్రొద్దుట పొయ్యి ఎవరు వెలిగించిరో వారిచేతనే వ్రాయించుడి.